తొందరపడని నటుడు

మూకీ సినిమా అంటే చేతులూపడం, కళ్లు పెద్దవి చేయడమే అనుకునేవాళ్లు విటోల్డ్ పొలొన్‌స్కీని ఒక్కసారి చూడాలి. నాటకాల నుంచి వచ్చిన ఈ రష్యన్ నటుడికి తెరమీద చేతులు అదుపులో పెట్టుకోవడం బాగా తెలుసు.

1915లో దర్శకుడు యెవ్గేనీ బావర్ తుర్గేనెవ్ కథ ఒకదాన్ని ‘మరణానంతరం’గా తీశాడు. అందులో పొలొన్‌స్కీ నలుగురిలో కలవలేని చదువరి ఆంద్రేయ్. స్నేహితుడు అతన్ని ఓ విందుకు లాక్కెళ్తాడు. ఒక్కొక్కరినీ పరిచయం చేస్తుంటే కెమెరా కట్ లేకుండా వెంటే కదులుతుంది. తప్పు చేస్తే దాచడానికి మరో షాట్ లేదు. అయినా ఇబ్బందిని అరిచి చెప్పడు. పరాయి ఇంట్లో చిక్కుకున్నవాడిలా బిగుసుకుపోతాడంతే. నాకైతే అతని పనిలో ఇదే మేలిరకం.

మరుసటి ఏడాది ‘ప్రాణానికి ప్రాణం’లో పూర్తిగా భిన్నంగా కనిపిస్తాడు. డబ్బు కోసం ఒకరిని పెళ్లాడి, మనసు మరొకరికిచ్చిన రాకుమారుడు. ఆ మరొకరి పాత్రలో నటి వేరా ఖొలోద్నయా. చివరికి అత్తగారే అతన్ని తుపాకీతో కాల్చేస్తుంది (ఆవిడ కోపం న్యాయమే!). ఇంత నీచుణ్ని ఆడవాళ్లు ఎలా నమ్మారని మనకు సందేహం రాదు. ఆ నవ్వు అలాంటిది.

పొలొన్‌స్కీ 1919 జనవరిలో ఒడెస్సాలో పోయాడు. మరుసటి నెల అదే ఊళ్లో ఖొలోద్నయా కూడా పోయింది. ఆమె పేరు నిలిచింది, ఇతనిది మరుగున పడింది. రష్యా విప్లవానికి ముందటి ఆ సినిమాలు 1989లో ఇటలీలోని పొర్దెనోనే సినిమా ఉత్సవంలో పెద్దఎత్తున చూపించాకే బయటి దేశాలవాళ్లు వాటిని తీరిగ్గా చూడగలిగారు.