ప్రోనోటు దావా

మా మునసబు కోర్టులో ఏ వాయిదా రోజు చూసినా బల్ల మీద ముందుగా కనిపించేవి ప్రోనోటు దావాలు. ముప్పయ్యేళ్లుగా నా ఇల్లు గడిచింది వాటి మీదే. అందుకే అబ్రహాం లింకన్ ప్లీడరీ గురించి చదువుతూ ఒకచోట పుస్తకం మూసి కాసేపు ఊరికే కూర్చున్నాను. పాతికేళ్లకు దగ్గరగా ఆయన నడిపిన కేసులు ఇప్పటికి దొరికినవే ఐదు వేలు దాటాయి. వాటిలో అన్నిటికన్నా ఎక్కువ, బాకీ వసూలు కేసులు.

అధ్యక్షుడు లింకన్ అందరికీ తెలుసు. నాకు దగ్గరివాడు ఆ ఇల్లినాయ్ ప్లీడరు. జీవితం మొత్తంలో బడికి వెళ్లింది అంతా కలిపితే ఏడాది లేదు. న్యూసేలం అనే చిన్న ఊళ్లో పోస్టుమాస్టరుగా చేశాడు, పొలాలు కొలిచాడు. 1832లో రాష్ట్ర శాసనసభకు నిలబడి ఓడిపోయాడు గానీ సొంత ఊరివాళ్లు వేసిన 300 ఓట్లలో 277 ఆయనకే పడ్డాయి. 1834లో గెలిచాడు, ఆ తర్వాత వరసగా మరో మూడుసార్లు. సాటి సభ్యుడు జాన్ స్టువర్ట్ ఎరువిచ్చిన పుస్తకాలు చదివి 1836లో సన్నదు తెచ్చుకున్నాడు. లా కాలేజీ ముఖం చూడలేదు.

శాసనసభలో చేసినవన్నీ గొప్పవని నేననను. రైలుమార్గాలూ కాలువలూ అంటూ 1837లో ఆమోదించిన భారీ పథకానికి గట్టిగా వంత పాడాడు. రాష్ట్రం అప్పుల్లో కూరుకుపోయింది. కానీ అదే ఏడాది మార్చి 3న, బానిసత్వాన్ని సమర్థించే తీర్మానాలు సభ దాటాక, ఆ వ్యవస్థ పునాది అన్యాయమేనని రాసి నమోదు చేయించిన ఇద్దరు సభ్యుల్లో ఆయన ఒకడు. అప్పటికి ఆయనకు ఇరవై ఎనిమిదేళ్లు.

ఆయన కోర్టు జీవితం నాకు కళ్లకు కట్టినట్టు ఉంటుంది. ఎనిమిదో సర్క్యూట్ అనే ఆ ప్రాంతంలో వసంతంలో ఒకసారి, చలికి ముందు ఒకసారి జడ్జీ ప్లీడర్లూ కలిసి ఊరూరూ తిరిగేవారు. గడ్డిమైదానాల బురదలో బగ్గీ ప్రయాణం, సత్రంలో ఒక్క మంచం మీద ఇద్దరేసి ప్లీడర్లు. ఊళ్లోకి దిగీ దిగగానే పార్టీలు చుట్టుముట్టేవారు; పొద్దున విన్న కేసు ఆ పూటే వాదించాలి. ముఖ్యమైన కాగితాలు ఆయన పొడుగు టోపీలో ఉండేవి. ఫీజు ఐదు డాలర్లో, పదో. ఎదుటి మనిషి తడబడుతూ చెప్పేదాంట్లోంచి అసలు సంగతి పట్టుకోవడం అక్కడే అలవడి ఉంటుంది. ఆ విద్య చెట్టు కింద నిలబడి పార్టీతో మాట్లాడితేనే వస్తుంది. నా జూనియర్లకు ఇదే చెబుతాను.

1841లో ఆయన ఒక ప్రోనోటు దావా వాదించాడు. నాన్స్ అనే నల్లజాతి యువతిని కొన్నందుకు బెయిలీ అనే వ్యక్తి రాసిచ్చిన నోటు అది. ఆమె బానిసేనని రుజువు కాగితాలు చూపిస్తానన్న అమ్మకందారు అవి చూపించకుండానే చనిపోయాడు. బాకీ కట్టాలని కింది కోర్టు తీర్పిచ్చింది. లింకన్ బెయిలీ తరఫున రాష్ట్ర సుప్రీంకోర్టుకు వెళ్లాడు. ఈ రాష్ట్రంలో ప్రతి మనిషినీ స్వతంత్రుడిగానే భావించాలి, స్వతంత్రురాలిని అమ్మడం చెల్లదు, కాబట్టి నోటూ చెల్లదు అన్నాడు. కోర్టు ఒప్పుకుంది. మేం రోజూ నలిపే ఆ కాగితంలోంచి ఒక మనిషి స్వేచ్ఛ బయటికొచ్చింది! ఎన్నిసార్లు చదివినా నాకు ఒళ్లు పులకరిస్తుంది.

ఆ పులకరింత ఆరేళ్లు ముందుకు వెళ్లేసరికి నిలవదు. కెంటకీ ఆసామి మాట్సన్ ఏటా బానిసలను తెచ్చి ఇల్లినాయ్ పొలంలో పని చేయించుకునేవాడు. జేన్ బ్రయంట్, ఆమె నలుగురు పిల్లలు అతని దగ్గరినుంచి బయటపడి ఇద్దరు స్థానికుల అండ చేరారు. 1847 అక్టోబరులో చార్ల్‌స్టన్ కోర్టులో విచారణ. మాట్సన్ పక్కన నిలబడ్డ ప్లీడరు, లింకన్. పనికాలానికి తెచ్చి తీసుకుపోతున్నాడు గనుక వాళ్లింకా బానిసలేనని వాదించాడు. ఓడిపోయాడు. జేన్‌కూ పిల్లలకూ విడుదల దొరికింది.

ప్లీడరు పార్టీని ఎంచుకోకూడదు, న్యాయం తేల్చడం జడ్జి పని అని మా బార్ రూములో అంటుంటారు. నేనూ అన్నాను. కానీ ఆ కుటుంబానికి అండగా నిలిచి దావాలో ఇరుక్కున్న డాక్టర్ రూథర్‌ఫర్డ్ తర్వాత చెప్పుకున్న జ్ఞాపకం వేరుగా ఉంది. తన తరఫున ఉండమని ముందు లింకన్ దగ్గరికే వెళ్లాడట. మాట్సన్‌కు మాటిచ్చానని లింకన్ ఇబ్బందిపడ్డాడట. కాసేపటికి, ఆ కేసు వదులుకోగలనని కబురు పంపాడట. అప్పటికే మనసు విరిగిన డాక్టరు ఇంకొకరిని పెట్టుకున్నాడు. వదులుకునే వీలు ఉందన్నమాట. అయినా వదులుకోలేదు. ఆయన మీద నాకున్న ప్రేమ తగ్గలేదు గానీ, ఈ ఒక్కచోట ఆయన తరఫున వకాల్తా వేయలేను.

ప్రాక్టీసు పెట్టిన కొత్తలో నాకూ ఒక ప్రోనోటు దావా వచ్చింది. ఖాళీ నోటు మీద వేలిముద్ర వేయించుకుని తర్వాత అంకె వేశానని నా పార్టీ నాతో మామూలుగానే చెప్పాడు. నేను దావా వేశాను. డిక్రీ వచ్చింది. ఎదుటి పార్టీ, ఒక ముసలి రైతు, వాయిదాల మీద కడతానని ఒప్పుకుని మొదటి వాయిదా డబ్బు తెచ్చి మా అరుగు మీద పెట్టాడు.

"ప్లీడరు గారూ, నేను వేలిముద్ర వేసిననాడు ఆ కాగితం మీద అంకె లేదండీ. తమకు తెలుసు గదా?" అన్నాడు.

నేను డబ్బు లెక్కపెట్టి రసీదు రాసిచ్చాను.