లంద రసాయనశాల కాదా?
– ప్రఫుల్ల చంద్ర రే చరిత్ర రచనపై ఒక విమర్శ

మన దేశంలో రసాయన పరిశ్రమ ఎక్కడ పుట్టిందని అడిగితే పాఠ్యపుస్తకాలన్నీ ఒకే జవాబు చెబుతాయి. 1892లో కలకత్తాలో, ఆచార్య ప్రఫుల్ల చంద్ర రే అద్దె ఇంట్లో పుట్టిందని. కొద్దిపాటి సొంత డబ్బుతో మొదలైన ఆ పని 1901లో బెంగాల్ కెమికల్ అండ్ ఫార్మాస్యూటికల్ వర్క్స్ అనే లిమిటెడ్ కంపెనీ అయింది. 1980లో జాతీయమైంది. రే కృషిని తక్కువ చేయడం మా ఉద్దేశం కాదు. అయితే ఆయన పరిశ్రమ పెట్టి ఊరుకోలేదు, చరిత్ర కూడా రాశాడు. 'హిందూ రసాయనశాస్త్ర చరిత్ర' మొదటి సంపుటం 1902లో, రెండోది 1909లో వచ్చాయి. ఈ దేశంలో రసాయనశాస్త్రం ఎవరిది, ఎందుకు ఆగిపోయింది అన్న ప్రశ్నలకు చదువుకున్న వాళ్లు ఇవాళ్టికీ చెప్పే జవాబు చాలావరకు ఆ పుస్తకం నుంచి వచ్చిందే. అందుకే దాన్ని దళితుల వైపు నుంచి చదవాల్సిన అవసరం ఉంది.

మొదటి సంపుటంలో వృత్తికళల గురించీ, శాస్త్రీయ దృష్టి క్షీణించడం గురించీ ఒక అధ్యాయం ఉంది. అందులో రే వాదన సూటిగా ఉంటుంది. కులవ్యవస్థ బిగుసుకున్నాక చేతిపనులు కింది కులాలకు వదిలేశారు. శవాన్ని ముట్టుకుంటే మైల అని మనువు చెప్పాక సుశ్రుతుడి నాటి శవపరీక్ష మూలపడింది. జగత్తు మాయ అన్న వేదాంతం మిగిలిన పని చేసింది. చదువుకున్న వర్గం చేతిపనికి దూరం కావడంతో ఎందుకు, ఎలా అని అడిగే గుణం జాతిలోనే చచ్చిపోయింది. ఇదీ ఆయన చెప్పేది. 1902లో ఒక బెంగాలీ కాయస్థ శాస్త్రవేత్త ఇంత తెగువగా రాయడం మామూలు సంగతి కాదు. కులం పోవాలనుకునే వాళ్లెవరికైనా ఈ అధ్యాయం నచ్చుతుంది.

నచ్చినంత మాత్రాన ఒప్పుకోవాలా? ఈ వాదనలో ఉన్న మెలికను జాగ్రత్తగా గమనించాలి. పనులు కింది కులాల చేతికి వచ్చాయి, ఆలోచన మాత్రం పైకులాలతో పాటే వెళ్లిపోయింది అంటున్నాడు రే. అంటే ఆలోచన మొదట్నుంచీ వాళ్ల సొత్తేనన్న మాట. మిగిలిన వాళ్లకు మిగిలింది చేతులే. తాతలు చేసింది చూసి చేయడమే తప్ప వాళ్లు కొత్తగా ఏమీ తెలుసుకోలేదని అర్థం. కులాన్ని తిడుతూనే కులం చెప్పే మాటనే చెప్పడం కాదా ఇది? బుర్ర తలలోంచి పుట్టిన వాళ్లది, పని పాదాల్లోంచి పుట్టిన వాళ్లది అన్న పురుషసూక్తపు లెక్క ఇక్కడ చరిత్ర వేషం వేసుకొని వచ్చింది.

ఈ వాదన నిలుస్తుందా లేదా తేల్చడానికి గ్రంథాలు వెతకనక్కర్లేదు. మాదిగవాడలో లంద దగ్గరికి వెళితే చాలు. పచ్చి తోలును ముందు సున్నంలో నానబెడతారు. సున్నం వెంట్రుక కుదుళ్లను వదులు చేస్తుంది. కొత్త సున్నపు నీళ్లకంటే అప్పటికే తోళ్లు నానిన పాత నీళ్లలో వెంట్రుకలు తొందరగా ఊడతాయి. ఆ పాత నీళ్లలో పెరిగే బాక్టీరియా, చేరే సల్ఫైడులు దీనికి కారణమని తర్వాతి శాస్త్రం చెప్పింది. ఆ తర్వాత కండ గీకి, సున్నం పోయేలా కడిగి తంగేడు చెక్క రసంలో వేస్తారు. ముందు పలచటి రసం, రోజులు గడిచేకొద్దీ చిక్కటి రసం. మొదటే చిక్కటి రసంలో వేస్తే పైపొర గట్టిపడి లోపలికి రసం దిగదు. పైకి తోలు, లోపల పచ్చి. చివర కరక్కాయ. తంగేడు చెక్కలోని టానిన్ తోలులోని కొల్లాజెన్‌ను పట్టుకుంటుందని, అందుకే తోలు కుళ్లదని ఇప్పుడు కాలేజీలో చెబుతున్నారు. పేర్లు కొత్తవి. రసం ఎంత చిక్కగా ఉండాలో, ఎన్ని రోజులుంచాలో, ఎండకాలం ఎంత, వానకాలం ఎంత అన్నది పాతదే. ఎన్ని తోళ్లు చెడిపోతే, ఎంతమంది ఎన్ని రకాలుగా చేసి చూస్తే ఈ వరస కుదిరి ఉంటుంది? దాన్ని పరిశోధన అనకపోతే ఇంకేమంటాం?

రాతలో లేదు కాబట్టి లేదంటారు. రాయనివ్వలేదు కాబట్టి రాతలో లేదు. ఈ రెండూ ఒకటి కాదు గదా.

తోలు సంగతి ఒక్కటే కాదు. బీహారులో నూనియా కులస్తులు పాత మట్టిగోడల దగ్గర, ఊరి నేలల మీద చవుడు గీకి, నీళ్లు పోసి వడగట్టి, కాచి సురేకారం తీసేవాళ్లు. ఈస్టిండియా కంపెనీ దాన్ని ఓడలకెత్తి తుపాకిమందుకు వాడుకుంది. ప్రపంచంలోనే పెద్ద రసాయన కంపెనీల్లో ఒకటైన డ్యూపాంట్ 1802లో మొదలైంది తుపాకిమందు తయారీతోనే. దానికీ హిందుస్థాన్ సురేకారం అందింది. డ్యూపాంట్ చరిత్రలు చాలానే ఉన్నాయి. చవుడు గీకిన వాళ్లకు వాటిలో ఏపాటి చోటు దొరికింది?

ఇక్కడొక అభ్యంతరం వస్తుందని మాకు తెలుసు. ఎలా చేయాలో తెలియడం వేరు, ఎందుకు అలా జరుగుతుందో తెలియడం వేరు, రెండోదే శాస్త్రం అంటారు. సరే, యూరప్‌లో ఏం జరిగిందో చూద్దాం. సున్నం నుంచి తీసిన తోలును మెత్తపరచడానికి అక్కడి తోళ్ల కార్ఖానాల్లో కుక్కపెంట, పావురాల రెట్ట వాడేవాళ్లు. ఆ పని చేసే కూలీలకు ఎందుకో తెలియదు. ఇంగ్లండులోని నాటింగ్‌హామ్‌లో జె.టి. వుడ్ అనే రసాయనవేత్త ఆ కంపులో ఏళ్ల తరబడి పనిచేసి 1912లో ఏకంగా పుస్తకమే రాశాడు. జర్మనీలో ఒట్టో రోమ్ ఆ పెంట చేసే పనిని క్లోమం నుంచి తీసిన ఎంజైముతో చేయించవచ్చని కనిపెట్టి, 1907లో హాస్ అనే మిత్రుడితో కలిసి కంపెనీ పెట్టాడు. ఆ రోమ్ అండ్ హాస్ కంపెనీయే తర్వాత ప్లెక్సిగ్లాస్ చేసింది. కుక్కపెంట దగ్గర కూర్చొని ఇదేమిటి అని అడిగినందుకు వాళ్లకొక పరిశ్రమ పుట్టింది.

మన దగ్గర లంద ఉంది, గ్రంథమూ ఉంది. లంద దగ్గరికి గ్రంథం రాలేదు. వస్తే మైలపడుతుంది. గ్రంథం దగ్గరికి లందను రానివ్వలేదు. వస్తే శిక్ష. కాబట్టి రే చెప్పిన విడిపోవడం నిజమే. ఎవరు ఏం పోగొట్టుకున్నారన్న దగ్గరే ఆయన లెక్క తప్పింది. ప్రశ్న అడగడం మానేసింది లంద కాదు, గ్రంథం.

విచిత్రమేమంటే ఈ సంగతికి రే జీవితమే సాక్ష్యం. ఫాస్ఫేటు మందుల కోసం ఆయన కసాయివాళ్ల దగ్గర పచ్చి ఎముకలు కొని తన ఇంటి మిద్దె మీద ఎండబెట్టాడు. కంపు భరించలేక ఇరుగుపొరుగు గొడవకు వచ్చారు. ఈ సంగతి ఆయనే ఆత్మకథలో సరదాగా రాసుకున్నాడు. చదివిన వాళ్లు అది సాహసమని మెచ్చుకుంటారు. నిజంగా సాహసమే. కానీ ఊరి బయట చచ్చిన గొడ్ల ఎముకలు ఏరి అమ్ముకున్న మాలమాదిగలను ఎవరు మెచ్చుకున్నారు? అదే ఎముక, అదే కంపు. రే మిద్దె మీద అది పరిశ్రమకు పునాది, మా వాడలో అంటరానితనానికి సాకు. మిద్దె మీది కంపు కొన్నాళ్లలో పోయింది. వాడ మీద వేసిన ముద్ర పోలేదు.

శాస్త్రం చివరికి లంద దగ్గరికి వచ్చిన తీరు కూడా చూడాలి. ఇరవయ్యో శతాబ్దం మొదట్లో మద్రాసులో ఆల్‌ఫ్రెడ్ ఛాటర్టన్ సర్కారు తరఫున క్రోమ్ పద్ధతి ప్రవేశపెట్టాడు. తంగేడుతో వారాలు పట్టే పని క్రోమియం ఉప్పుతో రోజుల్లోకి వచ్చింది. 1948లో మద్రాసులోనే కేంద్ర తోళ్ల పరిశోధన సంస్థ ఏర్పడింది. తోలు పరిశ్రమ పెరిగింది. కానీ తోలు తెలిసినవాడు దానికి యజమాని కాలేదు, కార్ఖానాలో కూలీ అయ్యాడు. లందలు ఎండిపోయాయి. పాలారు లోయలో తోళ్ల కార్ఖానాల నీళ్లు బావుల్నీ పొలాల్నీ పాడుచేశాయని 1996లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పాల్సి వచ్చింది. తంగేడు పువ్వు ఇవాళ తెలంగాణ రాష్ట్ర పుష్పం. తంగేడు చెక్క గురించి మాత్రం ఎవరూ మాట్లాడరు.

మేం లందను బంగారు లోకమని అనడం లేదు. అది కులం బలవంతంగా మోపిన పని. అందులో దిగి బొబ్బలెక్కిన చేతుల్ని మేం చూశాం. మళ్లీ అందులోకి దిగమని ఎవరికీ చెప్పం. అన్నీ వేదాల్లోనే ఉన్నాయష అన్నట్టు అన్నీ లందలోనే ఉన్నాయని కూడా మేం చెప్పబోం. మేం అడిగేది ఒక్కటే. పని వేరు, పని చేసిన వాడి తెలివి వేరు అని విడదీసే చరిత్ర ఆగాలి. పనిని వదులుకునే హక్కూ మాదే, ఆ పనిలోని తెలివి మాదని చెప్పుకునే హక్కూ మాదే.

దీనికి చేయాల్సిన పని ఎక్కువ, చేతిలో ఉన్న సమయం తక్కువ. లందలో పనిచేసిన పెద్దవాళ్లు ఒక్కొక్కరే వెళ్లిపోతున్నారు. ఏ చెట్టు చెక్క ఏ కాలంలో కొట్టాలో, రసం పదునును నాలుకతో చూసేవాళ్లో వేలితో చూసేవాళ్లో, ఏ పనిని ఏ మాటతో పిలిచేవాళ్లో వాళ్ల నోటి నుంచే రాసుకోవాలి. విశ్వవిద్యాలయాల్లోకి వచ్చిన మొదటి తరం పిల్లలు కెమిస్ట్రీలోనో చరిత్రలోనో పరిశోధనకు విషయం వెతుక్కుంటూ లైబ్రరీల చుట్టూ తిరుగుతున్నారు. ఆ విషయం ఇంటి అరుగు మీదే కూర్చొని ఉంది. రే రాయని సంపుటం రాయాల్సింది వాళ్లే.