పాలనభాషయందు శబ్దశుద్ధియు వాక్యశుద్ధియు

తెలుగుదేశమున రాజ్యపాలనము తెలుగున జరుగవలయునా యను ప్రశ్నము శాసనరీత్యా ఎన్నడో తీరినది. పొట్టి శ్రీరాములుగారి ఆత్మార్పణానంతరము 1953 అక్టోబరు 1వ తేదీన ఆంధ్రరాష్ట్ర మేర్పడెను. 1956 నవంబరు 1వ తేదీన తెలంగాణము దానితో గూడి ఆంధ్రప్రదేశ మయ్యెను. 1966లో అధికారభాషాశాసనము వెలసెను. 1974లో అధికారభాషాసంఘ మేర్పడగా వావిలాల గోపాలకృష్ణయ్యగారు దానికి ప్రథమాధ్యక్షులైరి. 2014 జూన్ 2వ తేదీన రాష్ట్రము రెండుగా విడివడినను రెండింటను తెలుగు అధికారభాషగానే నిలిచినది. తీరని ప్రశ్నము వేరొకటి కలదు. పాలించు తెలుగు ఎట్టి తెలుగై యుండవలయును?

ఈ విషయమున రెండు పక్షములు వినవచ్చుచున్నవి. పారసీకాంగ్లేయ శబ్దములను తొలగించి వాని స్థానమున సంస్కృతపదములను నిలిపినగాని పాలనభాష శుద్ధము కానేరదని యొకపక్షము. అట్టి పదములు జనులకు దురూహ్యములు గావున ఇంగ్లీషే సుకరమని రెండవపక్షము. రెండు పక్షములవారును శబ్దమును మాత్రమే చూచుచున్నారు. వాక్యమును చూచువారు అరుదు. పాలనభాషకు గల పెద్దరోగము శబ్దమునందు గాక వాక్యమునందే యున్నదని నిరూపించుట ఈ విమర్శనమునకు ప్రయోజనము.

మొదట శబ్దమును విచారింతము. దీనికి గుడివాడకు చేరువనున్న పెదపారుపూడిని నిదర్శనముగా గైకొనవచ్చును. ఈ గ్రామనామమున పెద్దశబ్దము సమాసమునందు 'పెద' యైనది. 'పూడి' కూచిపూడి మున్నగు పేళ్లయందువలె ఊరిని దెలుపు నుత్తరపదము. పూడి, పాడు, పర్రు, లంక యను నిట్టి ఉత్తరపదములు కృష్ణానదీముఖభూమియం దంతటను గానవచ్చుచున్నవి. గ్రామములకు జనులు పెట్టిన పేళ్లు నిలిచినవి. ఆ గ్రామములను గూర్చి పాలకులు కట్టిన విభాగముల పేళ్లు మాత్రము రాజ్యము మారినప్పుడెల్ల మారినవి.

బృహత్ఫలాయన జయవర్మ కొండముది తామ్రశాసనము ప్రాకృతభాషలో నున్నది. అందు ఈ సీమయందలి విభాగము 'కుడూరాహార' మని చెప్పబడినది. తూర్పుచాళుక్యుల కాలమున గుడివాడ ప్రాంతముగా పరిశోధకులు గుర్తించిన భాగమునకు 'గుద్రవారవిషయ' మని పేరు. గోలకొండ ప్రభువుల కాలమున సర్కారులు, పరగణాలు వచ్చినవి. కుంఫిణీవారు 1765లో ఉత్తరసర్కారులకు ఫర్మానా సంపాదించిన పిమ్మట జిల్లాలు, తాలూకాలు స్థిరపడినవి. 1859లో కృష్ణాజిల్లా యేర్పడెను. 1985లో తాలూకాలు పోయి మండలములు వచ్చినవి. 2022లో జిల్లా మరల విభజింపబడెను.

ఇందు శబ్దశుద్ధివాదులు విచారింపదగిన యంశములు మూడు కలవు. ఆహారశబ్దమును విషయశబ్దమును నిర్దుష్టములైన సంస్కృతపదములు. ప్రాచీనప్రయోగబలము గలవి. అయినను నేడు ప్రభుత్వము గుడివాడ ప్రాంతమును 'ఆహార' మన్నచో జనులు భోజనమనుకొందురు. 'విషయ' మన్నచో ఏమి విషయమని యడుగుదురు. వ్యుత్పత్తి నిర్దుష్టమైనంతమాత్రమున అర్థము సిద్ధింపదు. రూఢి యోగమును మించుననుట శాబ్దికులకు క్రొత్తమాట గాదు.

రెండవది జిల్లాశబ్దము. ఇది అరబ్బీపదము, ఆ భాషయందు దీనికి ప్రక్కటెముక, పార్శ్వము అని యర్థము. ఇరువదవ శతాబ్దపు పూర్వభాగమున పండితులు దీనిని గ్రంథములనుండి వెడలగొట్టి కృష్ణామండలము, గోదావరీమండలము, విశాఖమండలము అని వ్రాసిరి. గ్రంథములయం దట్లు నిలిచినను జనుల నాలుకపై జిల్లాయే నిలిచినది. తుదకు 1985లో ప్రభుత్వ మా మండలశబ్దమునే తీసి తాలూకాకంటె చిన్నదగు విభాగమునకు పెట్టెను. అప్పుడది యొక్క తరములో ఊరూర నెలకొనెను. ఒకే శబ్దము ఒకచోట నోడి వేరొకచోట గెలుచుటకు హేతువేమి? జిల్లాకు పేరు ముందే కలదు, క్రొత్తవిభాగమునకు లేదు. ఉన్నపేరును తొలగించుటకు వచ్చిన పదమును జనులు తిరస్కరించిరి. లేనిపేరును పూరించుటకు వచ్చినదానిని స్వీకరించిరి.

మూడవది తహసీల్దారు శబ్దము. మండలములతోపాటు ఆ యుద్యోగికి మండల రెవెన్యూ అధికారి యని పేరు పెట్టిరి. కొంతకాలమునకు తహసీల్దారను పేరే మరల వచ్చి కూర్చుండెను. కరణము మాటయు నిట్టిదే. 1984లో వంశపారంపర్యపు గ్రామోద్యోగములు రద్దయి, తరువాత ఆ పనికి వేరు వేరు పేళ్లు గల యుద్యోగులు వచ్చిరి. పల్లెలయందు పెద్దల నోట నేటికిని కరణముమాట చెల్లుచునే యున్నది. క్రియాసిద్ధికి మిక్కిలి యుపకరించునది కరణమని వ్యాకరణశాస్త్రము. గ్రామపాలనమున మిక్కిలి యుపకరించినవానికి ఆ పేరు రూఢమగుట శాస్త్రమునకు ననుగుణముగానే యున్నది.

అన్యదేశ్యములు భాషకు మలినములను వాదమును శాస్త్రదృష్టితో పరీక్షింపవలయును. సంస్కృతమున వాక్ శబ్దము హలంతము. తెలుగు దానికి ద్విత్వమును ఉకారమును జేర్చి 'వాక్కు'గా గ్రహించినది. అరబ్బీ హక్ శబ్దము నదేరీతిగా 'హక్కు'గా గ్రహించినది. ఇందు తెలుగు చూపిన ప్రక్రియ యొక్కటే. హక్కులు, హక్కునకు, హక్కుచేత నని బహువచనమును విభక్తులును నిరాఘాటముగా జేరుచున్నవి. శిస్తు, అర్జీ, రసీదు, పట్టా, దాఖలు, జప్తు, రాజీ, నకలు మొదలగునవియు నిట్లే తెలుగు ప్రత్యయములకు లోబడినవి. చిన్నయసూరి బాలవ్యాకరణమున తత్సమ తద్భవ దేశ్య గ్రామ్యములని నాలుగు విధములు చెప్పినను, పూర్వలాక్షణికులు కొందరు అన్యదేశ్యమునకు వేరుగా స్థానమిచ్చియున్నారు. అది వెలివేయబడిన వర్గము కాదు.

శబ్దములను బుద్ధిపూర్వకముగా నిర్మించి జనులచేత పలికింపవచ్చునను భ్రమను పతంజలి మహాభాష్యారంభముననే ఖండించెను. కుండ కావలసినవాడు కుమ్మరియింటికి పోవును గాని, శబ్దము కావలసినవాడు వైయాకరణునియింటికి పోడని ఆయన యభిప్రాయము. అధికారభాషకై పారిభాషికపదములు కూర్చువారందరు ఈ మాటను ముందుంచుకొనవలసియున్నది.

ఇంతమాత్రమున క్రొత్తపదమే కూడదనుట సిద్ధాంతము కాదు. కార్యదర్శి, శాసనసభ, ధ్రువీకరణపత్రము మొదలగునవి క్రొత్తవస్తువులకు వచ్చి నిలిచిన పదములు. క్రొత్తపదములకు పరీక్షాస్థానము వార్తాపత్రికయని చెప్పవచ్చును. పెదపారుపూడియందు 1936లో జన్మించి 2024లో గతించిన చెరుకూరి రామోజీరావుగారు స్థాపించిన 'ఈనాడు' 1974లో విశాఖపట్టణమున వెలువడెను. అధికారభాషాసంఘ మేర్పడినదియు నాసంవత్సరముననే. పత్రికలు ప్రయోగించిన క్రొత్తపదములలో కొన్ని నిలిచినవి, కొన్ని పోయినవి. పాఠకునకు బోధపడని పదమును పత్రిక మరునాడు మార్చుకొనక తప్పదు. ప్రభుత్వపత్రమున కట్టి భయము లేదు. అర్థము కాకున్నను అది చెల్లును. రెంటికి గల భేద మిక్కడ నున్నది.

ఒకవస్తువునకు రెండుపేళ్లు గల చిక్కును గూడ గమనింపవలయును. చెన్నపట్టణపు పాలనక్రింద నుండిన జిల్లాలలో పొలముల సాగు వివరముల లెక్కకు అడంగలని పేరు. ఇది తమిళమునుండి వచ్చినది. నిజాము పాలనమున నుండిన తెలంగాణమున దానినే పహాణీ యనిరి. అచ్చట పట్వారీ, ఇచ్చట కరణము. 1956లో రెండు ప్రాంతములు గలసినప్పుడు భాష యొక్కటియే గాని కచేరీమాటలు రెండు. ఇట్టిచోట మూడవ సంస్కృతపదమును గల్పించినచో చిక్కు మూడింతలగును గాని తీరదు.

శబ్దవిచార మిట్లుండగా వాక్యవిచారము ప్రధానము. నేటి ప్రభుత్వపత్రములయందలి వాక్యరీతిని దెలిసికొనుటకు ఆ జాడలో నొక వాక్యమును కల్పించి చూడవచ్చును: 'పై భూమి ప్రభుత్వభూమిగా నిర్ణయించబడినది. నిర్ణీత గడువులోపల అభ్యంతరములు దాఖలు చేయబడనిచో తగుచర్య తీసుకొనబడునని ఇందుమూలముగా తెలియజేయడమైనది.' ఇందు దాఖలు అనుమాట తప్ప తక్కినవి ప్రాయికముగా తెలుగు సంస్కృతములే. శబ్దశుద్ధివాది దీనిని మెచ్చును. కాని పెదపారుపూడి రైతు దీనిని చదివి యెవరియొద్దకు పోవలయును? నిర్ణయించినది యెవరు? అభ్యంతరము ఎవరికి దాఖలు చేయవలయును? గడువెంత? చర్య యెవరు తీసికొందురు? వీనిలో నొక్కదానికిని సమాధానము లేదు.

పాణినీయమున కారకములు ఆరు. క్రియయందు స్వతంత్రుడగువాడు కర్త. క్రియచే పొందదగినది కర్మ. సాధనము కరణము. దానమున నుద్దేశింపబడువాడు సంప్రదానము. వేరగుటకు హద్దుగా నిలుచునది యపాదానము. ఆధారము అధికరణము. కర్మణిప్రయోగము సంస్కృతమునకు సహజము. అయినను అందు కర్త తృతీయావిభక్తితో నిలుచును. ప్రసిద్ధమైనప్పుడో, చెప్ప నవసరము లేనప్పుడో మాత్రమే లోపించును. పాలనవాక్యమున కర్త ప్రసిద్ధుడు కాడు. ఆయన నెరుగుటయే చదువరికి ముఖ్యావసరము. ఇక 'తెలియజేయడమైనది' యనుచోట క్రియయే నామమై, దానికి 'అయినది' చేరినది. పని తనంతట తానే జరిగినట్లయినది. కర్మణిప్రయోగమును ఇంగ్లీషుననుసరించి మితిమీరి వాడుటయు, దానిపై నీ భావార్థకరూపమును జేర్చుటయు గలసి స్వతంత్రుడగు కర్తను వాక్యమునుండి తుడిచివేయుచున్నవి. కర్త లేనిచోట బాధ్యుడును లేడు.

ప్రాచీనశాసనములను ఈ యొరగంటిపై గీచి చూడదగును. దానశాసనమున నిచ్చినరాజు కర్త, ఇచ్చినభూమి కర్మ, ప్రతిగ్రహీత సంప్రదానము, నాలుగుదిక్కుల హద్దులు అపాదానములు, దేశకాలములు అధికరణము. పెక్కుచోట్ల ఆజ్ఞప్తి యెవరో, లిఖించినవా డెవరో కూడ చెప్పబడియుండును. ఏకారకమును లోపింపదు. తూర్పుచాళుక్యుల తామ్రశాసనములలో వంశప్రశస్తి సంస్కృతమున నడచినను, పొలముల హద్దులు చెప్పవలసినచోట చెరువులు, పుట్టలు, చెట్లు, గట్లు తమ దేశ్యనామములతోనే దిగుట కలదు. ప్రశస్తి గ్రామస్థులకు బోధపడకున్నను నష్టము లేదు. హద్దు బోధపడకున్న పొలము పోవును. ఏది యెవరికి తెలియవలయునో దానిని వారి మాటతో చెప్పవలయునను వివేకము ఆనాటి లేఖకులకు గలదు.

పందొమ్మిదవ శతాబ్దాదిని కాలిన్ మెకంజీ చేర్పించిన కైఫీయతులు ఇందుకు మరియొక నిదర్శనము. కరణముల కవిలెలనుండి యెత్తివ్రాసిన ఆ వచనమున పారసీకపదములు దండిగా గలవు. శబ్దశుద్ధివాది వానిని చూచి ముక్కు మూసికొనును. కాని యే యేట యే దొర యే చెరువు త్రవ్వించెనో, ఎవరికి మిరాసీ నిచ్చెనో అందు తేటగా దెలియును. పదములు పరభాషవైనను వాక్యము తెలుగుది. నేటి పత్రములయందు పదములు తెలుగువైనను వాక్యము పరభాషది. ఏది మేలో సహృదయులే నిర్ణయింపగలరు.

కచేరీభాష జనభాషకు దూరమగుట క్రొత్త గాదు. మచిలీబందరున కొంతకాల ముద్యోగించిన బ్రౌనుదొర 1852లో జిల్లా నిఘంటువును, 1854లో మిశ్రభాషానిఘంటువును ప్రకటించెను. కచేరీమాటలకు వేరుగా నిఘంటువు కావలసివచ్చుటయే ఆ దూరమునకు ప్రమాణము. అయినను నాటి దూరము మాటలది, నిఘంటువుతో తీరెను. కర్తలేని వాక్యమున కర్తను చూపగల నిఘంటువు లేదు.

సమాసదోషములను గూర్చి యొకమాట. 'జిల్లాధికారి' యనుచోట అరబ్బీపదమునకు సంస్కృతపదముతో సవర్ణదీర్ఘసంధి చేయుట లక్షణవిరుద్ధము. పాఠశాలలో దీనిని దిద్దవలసినదే. కాని దీనివలన నేరైతును పొలము గోల్పోడు. చెవికి తగులు దోషమును, బ్రతుకునకు తగులు దోషమును సమానముగా నెంచరాదు. ఇంతవరకు పండితుల శ్రమ మొదటిదానిపైననే యెక్కువగా వ్యయమైనది.

పై వాక్యమునే యిట్లు మార్చి చూడదగును: 'పెదపారుపూడి తహసీల్దారు ఈ భూమిని ప్రభుత్వభూమిగా నిర్ణయించెను. కాదనువారు ఈ పత్రము చేరిన ముప్పది దినములలోపల గుడివాడ రెవెన్యూ డివిజనల్ అధికారికి అర్జీ నీయవలయును.' ఇందు అన్యదేశ్యములు మునుపటికంటె హెచ్చు. అర్థసందేహము మాత్రము లేదు. కర్త, కర్మ, సంప్రదానము, కాలము స్పష్టములు.

కావున పాలనభాషను సంస్కరింప బూనువారు మూడు నియమములను పాటింపవలయును. జనులయందు రూఢమైన పదమును, అది యేభాషనుండి వచ్చినను, తొలగింపరాదు. క్రొత్తవస్తువునకు మాత్రమే క్రొత్తపదమును గల్పించి, గ్రామమున వాడిచూచిన పిదప స్థిరపరుపవలయును. ఏ యుత్తరువైనను వెలువడుటకు ముందు ఎవరు, ఏమి, ఎవరికి, ఎందుచే, ఎచ్చటినుండి, ఎచ్చట, ఎన్నడు అను ప్రశ్నములతో పరీక్షించి, సమాధానము దొరకని వాక్యమును త్రిప్పిపంపవలయును.

సాహిత్యపరిశోధకులకు నిందొక పని కలదు. మచిలీపట్టణము, గుడివాడ, దివిసీమ ప్రాంతములందు పాతకరణముల యిండ్లలో కవిలెలు మిగిలియున్నచో చెదలపాలు గాకముందే వానిని సేకరించి, అందలి పదములను వాక్యరీతులను వర్గీకరించి ప్రకటింపవలయును. కావ్యప్రయోగములను వెదకుటయందు చూపిన శ్రద్ధలో కొంత ఈ వచనమునకును చూపినచో, పాలించు తెలుగునకు నమూనా వేరొకచోట వెదకవలసిన పని యుండదు.