అర్వి లిండ్ వార్తాపఠనము

ఫిన్లాండు ప్రసారసంస్థయగు యూలేలో 1965 మొదలు 2003 వఱకు వార్తలు చదివిన అర్వి లిండ్ ప్రజ్ఞ, నా దృష్టిలో, కంఠమాధుర్యమునందుకంటె నిగ్రహమునందే యధికముగా భాసించినది. పొరుగుననున్న సోవియట్ రాజ్యము 1991లో కూలుటయు, స్వదేశము 1995లో ఐరోపా సమాఖ్యలో చేరుటయు ఆతని యుద్యోగకాలముననే జరిగినవి. ఇట్టి వేళలందు చదువరి తొట్రుపడినచో వినువాని గుండె జాఱును గదా! పైగా ఫిన్నిష్ భాషలో హ్రస్వము దీర్ఘమైనచో అర్థమే మాఱవచ్చును. అంకెలలో వ్రాసియున్న పెద్ద సంఖ్యను చదువునపుడు, కాగితముపై కానరాని విభక్తిప్రత్యయములను దాని యవయవములన్నిటికిని తత్క్షణమే చేర్చి, తడబాటులేక పలుకవలయును. వార్తలు చదువుట కూర్చుండి చేయు సులభోద్యోగమని పరిహసించువారు, ఏడంకెల సంఖ్య నొకదానిని ఆ భాషలో షష్ఠీవిభక్తియందు బిగ్గరగా చదివి చూతురుగాక.