వస్త్రం, వనిత, వైభవం: వెబ్లెన్ రచనలపై ఒక పరిశీలన

అమెరికా సంపన్నుల ఆడంబరాన్ని ఆ దేశంలోనే ఉండి ఎండగట్టిన పండితులలో థార్‌స్టీన్ వెబ్లెన్ (1857–1929) అగ్రగణ్యుడు. నార్వే నుండి వలస వచ్చిన రైతు దంపతులకు విస్కాన్సిన్ రాష్ట్రంలో జన్మించాడు. 1884లో యేల్ విశ్వవిద్యాలయంలో డాక్టరేటు పొంది కూడా ఏడేళ్లపాటు కొలువు దొరకక పల్లెపట్టున గడిపాడు. చివరకు రాక్‌ఫెల్లర్ ధనంతో వెలసిన చికాగో విశ్వవిద్యాలయంలో పనిచేస్తూనే ధనవంతుల గుట్టు విప్పే గ్రంథం వ్రాశాడు. అది 1899లో వెలువడిన ‘ది థియరీ ఆఫ్ ది లీజర్ క్లాస్’. పాశ్చాత్య సంస్కృతిని దుయ్యబట్టదలచిన ముస్లింకు ఇది చేతికందిన ఖడ్గంలా తోస్తుంది. అయితే ఆ ఖడ్గానికి రెండు వైపులా పదునుంది.

స్త్రీల వస్త్రధారణను గురించి 1894లో ప్రచురించిన వ్యాసంలోనే వెబ్లెన్ మూలసూత్రం చెప్పాడు. ఒంటిని కాపాడే బట్ట వేరు, హోదాను చాటే దుస్తు వేరు. హోదా చాటే దుస్తు ఖరీదైనదిగా ఉండాలి, కొత్తదిగా ఉండాలి, అన్నిటికీ మించి అది తొడుక్కున్న మనిషి ఏ పనీ చేయలేదని చూడగానే తెలియాలి. నడుమును బిగించే కార్సెట్, ఎత్తు మడమల జోడు, కాళ్లకు అడ్డుపడే పొడుగు లంగా ఇందుకే పుట్టాయంటాడు. మగవాడి నిగనిగలాడే బూట్లు, పొడవాటి టోపీ, చేతికర్ర కూడా ఆ కోవలోనివే. మధ్యతరగతి భర్త తాను పగలంతా శ్రమించక తప్పదు. కనుక తన వంతు తీరికను భార్య చేత అనుభవింపజేసి, ఆమె అలంకారం ద్వారా తన పరువు నిలుపుకుంటాడు. ఆమె ఒంటి మీద ఉన్నది ఆమె అభిరుచి కాదు, అతని సంపదకు ప్రకటన.

ఫ్యాషన్ ఎందుకు మారుతూ ఉంటుందన్న ప్రశ్నకు ఆయన ఇచ్చిన జవాబు గ్రంథానికంతటికీ తలమానికం. దుబారా చేసి తీరాలన్న నియమం వల్ల ప్రతి కొత్త తీరూ లోలోపల వికారమైనదే. పాతదాని నుండి విముక్తి కలిగిందన్న సంతోషంలో కొన్నాళ్లు అందంగా కనిపిస్తుంది. మోజు తీరాక దానిపైనా ఏవగింపు పుడుతుంది. పేదలు సైతం పైవారిని అనుకరించి, చలికి తగిన బట్ట మానుకొనైనా నలుగురిలో బాగా కనిపించాలని చూస్తారనే మాట కటువైనదే గాని అబద్ధం కాదు.

లోపాలు లేకపోలేదు. ఆరాధనను, అర్చకుల వేషాన్ని కూడా ఈ దుబారా లెక్కలోనే వేశాడు. మనిషి అంతరంగాన్ని కొలిచే త్రాసు ఆయన దగ్గర లేదు. మంచి బట్ట, మంచి జోడు ఇష్టపడటం అహంకారమా అని అడిగిన వ్యక్తికి దైవప్రవక్త (స) ఇచ్చిన జవాబు సహీహ్ ముస్లింలో ఉంది. అల్లాహ్ సౌందర్యాన్ని ప్రేమిస్తాడనీ, సత్యాన్ని తిరస్కరించి జనాన్ని చిన్నచూపు చూడటమే అహంకారమనీ ఆయన సెలవిచ్చారు. గర్వంతో వస్త్రాన్ని నేలపై ఈడ్చేవారిని మందలించిన ప్రవక్తే, తన వస్త్రం ఒక పక్క జారుతోందని విన్నవించుకున్న అబూబక్ర్ (ర)తో, మీరు వారిలోని వారు కాదన్నారు. వస్త్రం చూడటానికి ఒక్కటే, సంకల్పం వేరు. ఈ తేడా వెబ్లెన్ సిద్ధాంతంలో ఇమడదు. అల్ అఅరాఫ్ సూరా 31, 32 ఆయతులు అలంకారాన్ని అనుమతిస్తూనే దుబారాను నిషేధించాయి.

మరొక లోపం ఇంతకంటే పెద్దది. బట్ట తొడిగిన స్త్రీని పట్టి పట్టి చూసిన ఈ పండితుడు, దాన్ని కుట్టిన స్త్రీని అంతగా చూడలేదు. 1911 మార్చి 25న న్యూయార్కులోని ట్రయాంగిల్ రవికల కర్మాగారం తగలబడి 146 మంది మరణించారు. అందులో అత్యధికులు వలస వచ్చిన యూదు, ఇటాలియన్ కుటుంబాల పడుచులు. 2013 ఏప్రిల్ 24న ఢాకా సమీపంలో రానా ప్లాజా కూలినప్పుడు ప్రాణాలు కోల్పోయిన 1,100 మందికి పైగా కార్మికులలోనూ స్త్రీలే ఎక్కువ. వారు కుట్టినవి పాశ్చాత్య దుకాణాలకు వెళ్లే దుస్తులే. ఫ్యాషన్ ఎంత త్వరగా మారితే వారి మీద తొందర అంత పెరుగుతుంది.

ఇక ఖడ్గపు రెండవ అంచు. దక్కనులో నవాబుల, జాగీర్దార్ల జనానా కేవలం సిగ్గుబిడియాల రక్షణకే ఏర్పడిందా? దూదేకుల ఇంటి ఇల్లాలు భర్తతో పాటు శ్రమించక తప్పలేదు. తెలంగాణలో బీడీలు చుట్టి సంసారం ఈదుకొచ్చిన ముస్లిం స్త్రీలకు లెక్కలేదు. మా ఇంటి ఆడవాళ్లు గడప దాటరని చెప్పుకునే పెద్దమనిషి గొంతులో పలికేది ధర్మమో, అంతస్తో వెబ్లెన్ చదివినవాడు ఇట్టే పోల్చుకుంటాడు. హయాను ఖుర్ఆన్ అన్నూర్ సూరాలో ముందుగా పురుషుల చూపుకు, ఆ వెంటనే స్త్రీలకు విధించింది. అందులో ధనిక, పేద తేడా లేదు. పని చేయకపోవడం గొప్ప అనీ అందులో లేదు. ప్రవక్త సతీమణి హజ్రత్ జైనబ్ బిన్తె జహష్ (ర) స్వయంగా చేతిపని చేసి, వచ్చినది దానం చేసేవారు.

హైదరాబాదు పెళ్లిళ్లలో వరుడికిచ్చే కట్నానికి ‘జోడేకీ రఖమ్’ అని పేరు. మాటకు అర్థం పెళ్లికొడుకు బట్టల డబ్బు అని మాత్రమే. బట్టల పేరుతో మొదలైన ఆ సొమ్ము ఆడపిల్ల తండ్రి ఇల్లు తాకట్టు పెట్టే దాకా వచ్చింది. మహర్ మాత్రం చాలా చోట్ల కాగితం మీది అంకెగానే మిగిలిపోతోంది.