జెంటూ: ఒక పాత మాటకి జరిగిన న్యాయం

ఇంగ్లీషువాళ్లు రెండు వందల ఏళ్లపాటు మన భాషను జెంటూ అన్నారు. ఆ భాష మాట్లాడేవాళ్లనీ జెంటూలే అన్నారు. ఇప్పుడు ఇంగ్లీషులో ఆ అర్థంలో ఆ మాట వాడేవాళ్లు లేరు. మద్రాసు కోట నాటి పాత కాగితాలు చదివే చరిత్రకారులకి తప్ప మిగతావాళ్లకి దాని అర్థం తెలిసే వీలూ లేదు. ఆ మాట ఎక్కడ పుట్టింది, ఎవరిని ఉద్దేశించి ఎవరు వాడారు, ఎప్పుడు దేనికి వర్తించింది అన్నది 1886లో లండన్‌లో అచ్చైన హాబ్సన్-జాబ్సన్ అనే నిఘంటువు ఒక్క ఆరోపంలో తేల్చి చెప్పింది. నిఘంటువులో ఒక మాట కింద ఇచ్చే వివరణనంతా కలిపి ఆరోపం అంటారు. పదాల చరిత్ర ఎలా రాయాలో నేర్చుకోదలచినవాళ్లకి ఈ ఒక్క ఆరోపం చాలునని నా నమ్మకం. అందుకే దాని పనితనాన్ని దగ్గరగా పరిచయం చేస్తున్నాను.

పరాయివాళ్లు పెట్టిన పేరుతో బతకడం మా జంషెడ్‌పూర్ బర్మామైన్స్ తెలుగువాళ్లకి కొత్త సంగతి కాదు. 1912లో ఇక్కడ టాటావాళ్లు ఉక్కు తియ్యడం మొదలుపెట్టాక శ్రీకాకుళం, విశాఖపట్నం వైపు నుంచి కుటుంబాలకి కుటుంబాలు పనికోసం వచ్చి స్థిరపడ్డాయి. మద్రాసు మొహం ఎన్నడూ చూడని ఆ జనాన్ని ఇరుగుపొరుగు మద్రాసీలన్నారు. ఇంకా వెనక్కి వెళితే ఈ ఉత్తరాది హిందీలోనే తిలంగా అన్న మాట ఉంది, దానికి అర్థం సిపాయి. క్లైవు కాలంలో మద్రాసు నుంచి బెంగాలుకి వచ్చిన పటాలాల్లో తెలుగువాళ్లుండడంతో ఆ పేరు స్థిరపడింది. తర్వాత తెలుగు అక్షరం ముక్క రాని అవధ్ సిపాయిలకి కూడా అదే అంటింది. 1857లో ఢిల్లీలో తిరుగుబాటు చేసిన సిపాయిల్ని ఆనాటి ఉర్దూ రాతల్లో తిలంగాలనే రాశారు. హాబ్సన్-జాబ్సన్‌లో తెలింగా మాటకీ ఆరోపం ఉంది. జెంటూ కథ దానికన్నా పొడుగైనది, చిక్కైనది.

ముందు ఈ పుస్తకం చేసినవాళ్ల గురించి రెండు మాటలు. హెన్రీ యూల్ బెంగాల్ ఇంజనీర్ల దళంలో పనిచేసిన సైనికుడు. మార్కో పోలో యాత్రలను వ్యాఖ్యానంతో 1871లో ప్రచురించి పేరు తెచ్చుకున్నాడు. ఆర్థర్ కోక్ బర్నెల్ మద్రాసు సివిల్ సర్వీసు ఉద్యోగి, తంజావూరులో జడ్జి. దక్షిణ భారత లిపుల మీద 1874లో ఆయన రాసిన పుస్తకంలో వేంగి లిపికి ప్రత్యేకంగా చోటుంది, కనుక తెలుగు లిపి చరిత్ర చదివేవాళ్లకి ఆయన పాతమిత్రుడే. తంజావూరు రాజమందిరంలోని సంస్కృత తాళపత్రాలకు పట్టిక తయారుచేసిందీ ఆయనే. ఇద్దరూ ఉత్తరాల ద్వారా ఏళ్ల తరబడి మాటలు పోగుచేశారు. 1882లో, నలభై రెండేళ్ల వయసులో బర్నెల్ చనిపోయాడు. యూల్ మిగతా పని ఒక్కడే పూర్తిచేసి, ముఖపత్రం మీద తన పేరు పక్కన కీర్తిశేషుడైన మిత్రుడి పేరు కూడా వేయించాడు. పుస్తకంలో ఎక్కువ పాలు తను రాసిందే అయినా ఆ గౌరవం తగ్గనివ్వలేదు. పీర్ల పండుగ ఊరేగింపులో వినిపించే యా హసన్, యా హుసేన్ అన్న కేక తెల్లసిపాయిల నోట్లో పడి హాబ్సన్-జాబ్సన్ అయింది. పుస్తకానికి పేరు అదే పెట్టారు.

ఇక ఆరోపంలోకి వద్దాం. మొదటి వాక్యంలోనే పుట్టుక చెప్పేస్తారు. పోర్చుగీసులో జెంతియో అంటే క్రైస్తవుడూ, యూదుడూ, ముసల్మానూ కానివాడు, అన్యమతస్థుడు. ముసల్మానుల్ని వాళ్లు మోరో అనేవాళ్లు. మోరో కానివాడు జెంతియో. ఆ జెంతియో ఇంగ్లీషువాళ్ల నాలుక మీద జెంటూ అయింది. అక్కడే మోరో తాలూకు ఆరోపానికి కూడా దారి చూపిస్తారు. ఈ రెండు మాటలూ జంటగా పుట్టినవి కనుక ఒకటి లేకుండా రెండోది అర్థం కాదని వాళ్లకి తెలుసు. వెంటనే ఇంకో సంగతి చెబుతారు: ఈ మాట ఇప్పుడు వాడుకలో లేదు, మద్రాసులో మాత్రం ఒక అర్థంలో ఇంకా కాస్త మిగిలి ఉండవచ్చు. పుట్టుక, అర్థం, ఆయుర్దాయం, ఊరు ఇన్నీ కలిపి నాలుగైదు పంక్తులు దాటలేదు. చనిపోయిన మాటకి చనిపోయిందని రాయడం చిన్న పనిలా కనిపిస్తుంది గానీ చాలా నిఘంటువులు ఆ మాత్రం చెయ్యవు. మాట ఏ కాలానిదో చెప్పకుండా అర్థం మాత్రం ఇచ్చి వదిలేస్తే చదివేవాడు దాన్ని ఏ శతాబ్దానికైనా తగిలించేస్తాడు.

తర్వాత అసలు పనితనం. అర్థాన్ని రెండుగా చీల్చారు. మొదటిది: మొత్తం హిందువులు. రెండోది: ప్రత్యేకంగా దక్షిణాదిలోని తెలుగువాళ్లు, వాళ్ల భాష. ఏ అర్థానికి ఆ అర్థం కింద పాత రాతల్లోంచి తెచ్చిన ప్రయోగాలను విడిగా, సంవత్సరం ముందు వేసి, కాలక్రమంలో పేర్చారు. అన్నీ ఒకేచోట కలిపి ఉంటే అర్థం మారిన తీరు ఎవరికీ కనిపించేది కాదు. రెండు పాయలుగా పారిస్తే ఏ పాయ ఎప్పుడు ఎక్కడ మొదలైందో, ఎక్కడ ఇంకిందో పాఠకుడే చూసుకోగలడు. వ్యాఖ్యానం తక్కువ, సాక్ష్యం ఎక్కువ. రెండో పాయలో 1670లలో తూర్పు తీరానికి వచ్చిన ఈస్టిండియా కంపెనీ వైద్యుడు జాన్ ఫ్రయర్ సాక్ష్యం నాకు అన్నిటికన్నా ఇష్టం. వీళ్ల భాషను సాధారణంగా జెంటూ అంటారు గానీ దాని సొంత పేరు తెలింగ అని ఆయన రాశాడు. అంటే మూడున్నర శతాబ్దాల కిందటే ఒక ఇంగ్లీషువాడికి తన వాళ్లు వాడే పేరు వేరు, ఆ జనం పేరు వేరు అని తెలుసు. ఆ ముక్కను వెతికి పట్టి ఇక్కడ పెట్టడంలోనే ఈ సంపాదకుల వివేకం ఉంది.

మాట పుట్టుక విషయంలో పక్కదారి పట్టే ప్రమాదం చాలా ఉంది, పట్టినవాళ్లూ ఉన్నారు. వారెన్ హేస్టింగ్స్ పురమాయింపు మీద పండితులు సంకలించిన ధర్మశాస్త్రాన్ని పర్షియన్ ద్వారా ఇంగ్లీషులోకి తెచ్చి, జెంటూ చట్టాల స్మృతి అన్న పేరుతో 1776లో అచ్చువేసినవాడు నథానియేల్ హాల్హెడ్. ఆయన తన పీఠికలో ఈ మాటను సంస్కృతంలోని జంతు శబ్దంతో ముడిపెట్టాడు. జంతు అంటే ప్రాణి, ఇంకాస్త కుదిస్తే మనిషి. జనం నోట ఆ మాట విని పోర్చుగీసువాళ్లు దాన్ని అందుకొని ఉంటారని ఆయన ఊహ. వినడానికి ఎంత దగ్గరగా ఉందో చూడండి, తెలుగు చెవికి మరీను. కానీ పోర్చుగీసువాళ్లు భారతదేశం వెలుపల కూడా అన్యమతస్థుల్ని జెంతియోలనే రాశారు. చైనావాడిని గురించి ఒక పోర్చుగీసు యాత్రికుడు అలా రాసిన ముక్కను యూల్, బర్నెల్ ఇదే ఆరోపంలో చేర్చారు. జంతువుతో సంబంధం కట్టిన ఊహ దాంతో నిలవదు. వాదం పెట్టుకోకుండా సాక్ష్యంతోనే వాదాన్ని ముగించడమంటే ఇదీ.

మరి హిందువులందరికీ పెట్టిన పేరు తెలుగువాళ్లకే ఎందుకు మిగిలింది? ఆరోపంలో ఇది గుండెకాయ. పోర్చుగీసువాళ్లు వచ్చేనాటికి ద్వీపకల్పంలో చాలా భాగం విజయనగర రాజ్యం కింద ఉంది, అధికారుల్లో తెలుగువాళ్లు ఎక్కువ, కనుక హిందువుల్లో ముఖ్యులుగా కనిపించిన వీళ్లే అసలు జెంతియోలు అయ్యారు, వీళ్ల భాషే జెంతియోల భాష అయింది అని సంపాదకులు కారణం చెబుతారు. దీని ముందు బహుశా అన్న మాట ఉంచారు. నేను ఎక్కువ గౌరవించేది ఆ ఒక్క మాటనే. పోర్చుగీసువాళ్లు 1510లో గోవా పట్టేనాటికి విజయనగరంలో కృష్ణదేవరాయల ఏలుబడి మొదలై ఏడాది అయింది, కాలం సరిపోతుంది. అయినా ప్రయోగాల్లో నేరుగా దొరకని కారణాన్ని ఊహగానే రాశారు, తీర్పుగా రాయలేదు. నా వంతుగా ఒకటి కలుపుతాను. 1639లో మద్రాసు తీరంలో కోట కట్టుకోమని కంపెనీకి అనుమతిచ్చిన దామెర్ల వెంకటాద్రి నాయకుడు తెలుగువాడే. కోటలో తొలినాళ్ల దుబాషీలూ, పెద్ద వర్తకులూ చాలామంది తెలుగువాళ్లే. ఇంగ్లీషు గుమాస్తా రోజూ బేరమాడింది వీళ్లతోనే. విజయనగరం పోయాక కూడా ఆ పేరు మద్రాసులో తెలుగుకే అంటిపెట్టుకుని ఉండడానికి అది బలమైన కారణమని నా అభిప్రాయం.

ఈ ఆరోపం ఎంత పనికొస్తుందో పాత కాగితం చదివితే తెలుస్తుంది. కలకత్తాలో 1776 నాటి రాతలో జెంటూ అని ఉంటే హిందువు అని అర్థం, తెలుగుతో సంబంధం లేదు. మద్రాసు కోట లెక్కల్లో జెంటూ భాషలో రాసిన కౌలు అని ఉంటే అది తెలుగు ఒప్పందపత్రం. అదే మద్రాసులో అప్పట్లో తమిళాన్ని మలబారు అనేవాళ్లు, హిందుస్తానీని మూర్స్ అనేవాళ్లు. మూడు భాషలకీ సొంత పేర్లు పక్కకి పోయి మూడు పరాయి పేర్లు చెల్లుబాటయ్యాయి. మాట దొరకగానే అర్థం చెప్పకూడదు. ఊరు, సంవత్సరం చూసి అప్పుడు చెప్పాలి. ఆ క్రమశిక్షణను ఈ ఆరోపం చదివేవాడికి నేర్పుతుంది.

సొంత పేరు తిరిగి వచ్చిన ఘట్టం కూడా పుస్తకాల అట్టల మీదే కనిపిస్తుంది. ఎ. డి. క్యాంప్‌బెల్ 1816లో మద్రాసులో అచ్చువేసిన వ్యాకరణానికి తెలుగు భాషా వ్యాకరణం అనే పేరు పెట్టి, దీన్ని సామాన్యంగా జెంటూ అంటారని పక్కన చేర్చాడు. తెలుగు ముందుకి వచ్చింది, జెంటూ వెనక్కి వెళ్లింది. మరుసటి ఏడాదే విలియం బ్రౌన్ తన వ్యాకరణానికి జెంటూ భాషా వ్యాకరణమనే పేరు పెట్టాడు. ఒకే నగరంలో, ఏడాది తేడాలో, పాత పేరూ కొత్త పేరూ రెండూ బతికే ఉన్నాయి. క్యాంప్‌బెల్ వ్యాకరణం ఇంకో కారణానికి కూడా చిరస్మరణీయం. ఎఫ్. డబ్ల్యు. ఎల్లిస్ దానికి రాసిన వ్యాఖ్యలో తెలుగు, తమిళం, కన్నడం సంస్కృతం నుంచి పుట్టలేదనీ, ఒకే కుటుంబపు భాషలనీ ధాతువులు పక్కపక్కన పెట్టి చూపించాడు. మచిలీపట్నం మామిడి వెంకయ్య ఆంధ్రదీపికను ఆయన అందులో సాక్ష్యంగా తెచ్చుకున్నాడు. భాషకి వంశం తేలిన చోటే దానికి సొంత పేరు కూడా దక్కడం నాకు ఎప్పుడు తలచుకున్నా ఉత్సాహంగా ఉంటుంది.

జెంటూ మాట మనుషుల్ని వదిలి అంటార్కిటికా ప్రాంతపు ఒక పెంగ్విన్‌కి పేరుగా మిగిలింది. ఆ పెంగ్విన్ ఈతలో మహా వేగం గలది కావడంతో కంప్యూటర్లు నడిపే జెంటూ లినక్స్‌కి ఆ పేరే పెట్టారు, 2002లో దాని మొదటి పూర్తి విడుదల జరిగింది. దాన్ని వాడే తెలుగు కుర్రవాళ్లకి ఆ పేరు ఒకప్పుడు తమ భాషదని చెబితే బాగుంటుంది.

ఈ పుస్తకానికి లోటు లేదని అనను. అందులో మాట్లాడేది దొరల లోకం. జెంటూ అనిపించుకున్నవాళ్లు ఆ పేరు విని ఏమనుకున్నారో ఒక్క సాక్ష్యమూ లేదు. అయితే ఏదీ దాచుకోకపోవడం దాని సంపాదకుల గుణం. 1903లో విలియం క్రుక్ రెండో ముద్రణ తెచ్చినప్పుడు తను కొత్తగా కలిపిన ముక్కల్ని చదరపు బ్రాకెట్లలో పెట్టాడు, ఎవరి రాత ఎంతవరకో చదివేవాడికి తెలియాలని.

మన వైపు నుంచి ఇలాంటి పని లేకపోలేదు. తెలుగులో కలిసిన పరభాషా పదాలకి సి. పి. బ్రౌన్ 1854లో మిశ్రభాషా నిఘంటువు వేశాడు. ఆ తర్వాత సొంత ఊళ్లు వదిలి వెళ్లిన తెలుగువాళ్ల నోట కలిసిన మాటల్ని తేదీలతో సహా పోగుచేసే పని మాత్రం ఇంకా మిగిలే ఉంది. బర్మామైన్స్‌లో, కదమాలో, బిష్టుపూర్‌లో తాతల నాటి ఉత్తరాలు, శుభలేఖలు, సంఘాల మినిట్స్ పుస్తకాలు ఉన్న ఇళ్లవాళ్లకి నా మనవి: వాటిని పాత కాగితాలవాడికి వెయ్యకండి. అందులో హిందీ, బెంగాలీ, కార్ఖానా ఇంగ్లీషు కలిసిన ప్రతి మాటనీ ఒక చీటీ మీదకి ఎక్కించండి, పక్కన సంవత్సరం వెయ్యండి, ఏ ఊళ్లో రాసిందో వెయ్యండి. హాబ్సన్-జాబ్సన్ 1903 ముద్రణ ఇంటర్నెట్‌లో ఉచితంగా దొరుకుతుంది. చీటీ ఎలా రాయాలో సందేహం వస్తే జెంటూ దగ్గర తెరిచి చూడండి.