చెదరుటయా, పరిక్షేపణమా?

"ఆకాశము నీలముగా ఏల కనిపించును?" అను ప్రశ్నకు పరీక్షాపత్రములలో తరచుగా కనబడు సమాధానము ఒకటి గలదు: "కాంతి విక్షేపణము వలన." ఇది తప్పు. వ్రాయవలసినది "పరిక్షేపణము వలన" అని. దిద్దువారు ఎఱ్ఱసిరాతో కొట్టివేయుదురు. విద్యార్థి మార్కులు పోగొట్టుకొనును. నేనును అట్లు కొట్టివేసినవాడనే. కాని ఈ తప్పులో మన పరిభాషకు కూడ భాగము లేదా అని విచారింపవలసియున్నది.

రెండు మాటలకును మూలము ఒక్కటే. "క్షిప్" అనగా విసరుట. ఆక్షేపణ, నిక్షేపము, సంక్షేపము అను మాటలును ఆ కుటుంబములోనివే. అయితే ఆక్షేపణను నిక్షేపమని ఎవరును పొరబడరు. అవి వాడుకలో వేర్వేరు పనులు చేయుచున్నవి. శాస్త్రార్థములో విక్షేపణ, పరిక్షేపణములకు ఆ అదృష్టము లేదు. అవి పాఠ్యపుస్తకములో పుట్టి పరీక్షతో ముగియుచున్నవి. "వి", "పరి" అను రెండు ఉపసర్గలపైననే భేదమంతయు నిలిచియున్నది.

ఆ భేదము చిన్నది కాదు. తెల్లని కాంతి పట్టకము గుండా పోవునపుడు ఒక్కొక్క రంగు ఒక్కొక్క కోణములో వంగి, రంగులు వరుసగా విడిపోవును. గాజులో ఆయా రంగుల వేగములు వేరగుటయే ఇందుకు కారణము. ఇది విక్షేపణము. పరిక్షేపణము అట్టిది కాదు. దారిలో అణువులో, ధూళికణములో, నీటితుంపరలో అడ్డుపడగా కాంతిలో కొంతభాగము నలుప్రక్కలకు మరలును. అడ్డుపడు కణము కాంతి తరంగదైర్ఘ్యముకంటె మిక్కిలి చిన్నదైనచో, ఇట్లు మరలు కాంతి తరంగదైర్ఘ్యపు నాలుగవ ఘాతమునకు విలోమానుపాతములో నుండునని 1871లో రేలీ చూపెను. ఆ లెక్కన 450 నానోమీటర్ల నీలికాంతి, 650 నానోమీటర్ల ఎఱ్ఱకాంతికంటె 4 రెట్లకు పైగా మరలును. మేఘములలోని తుంపరలు పెద్దవి. అవి అన్ని రంగులను ఇంచుమించు సమముగా మరలించును గనుక మేఘము తెల్లగా నుండును.

పాఠకులు దీనిని ఇంటిలోనే చూడవచ్చును. గ్లాసుడు నీటిలో కొన్ని చుక్కల పాలు కలిపి, చీకటిగదిలో టార్చిలైటు వెలుతురు అందులోనికి పంపుడు. ప్రక్కనుండి చూచిన నీరు లేతనీలముగా నుండును. ఎదుటినుండి చూచిన దీపము ఎఱుపు తిరిగియుండును. పట్టకములోవలె రంగుల వరుస ఇచ్చట లేదు.

"ఈ సంస్కృతపు జంటను విడిచి చక్కని తెలుగుమాట పెట్టరాదా?" అని కొందరందురు. చల్లుట, చిమ్ముట, వెదజల్లుట, చెదరుట మనకు ఉన్నవి గదా! నిజమే. అయితే రైతు విత్తనములను వెదజల్లుననినపుడు చల్లెడు చేయి యొకటి కన్నులకు కట్టును. చెదరుటకు గుంపు కావలెను. పిచ్చుకలగుంపు చెదరును, ఒంటి పిచ్చుక చెదరదు. భౌతికశాస్త్రములో నన్ననో, ఒక్క కణము దారి మరలినను అది పరిక్షేపణమే.

ఆంగ్లములోని "స్కాటరింగ్" అను మాటకును ఈ ఇబ్బంది తప్పలేదు. 1909లో గైగరు, మార్స్‌డెనులు ఆల్ఫా కణములను ప్లాటినపు రేకుపైకి పంపగా, సుమారు 8000 కణములలో ఒకటి వెనుకకు మరలినది. వారు తమ వ్యాసమునకు "క్రమరహిత పరావర్తనము" అను అర్థమిచ్చు పేరు పెట్టిరి. పరావర్తనమనిన గోడకు తగిలి తిరిగివచ్చు బంతి జ్ఞాపకము వచ్చును. కాని బంగారు రేకులను ఒకదానిపై నొకటి పెంచినకొలది మరలివచ్చు కణములును కొంతవరకు పెరిగినవి. అనగా ఇది పైపొర చేసిన పని కాదు. 1911లో పరమాణు కేంద్రకమును ప్రతిపాదించిన వ్యాసమునకు రూథర్‌ఫర్డు "స్కాటరింగ్" అను మాటనే శీర్షికలో వాడెను. కణము ఒక్కొక్క పరమాణువు లోపలికి పోయి, అచ్చటి కేంద్రకమువలన మరలుచున్నదను భావమునకు ఆ మాటయే తగినది. పిదప 1923లో కాంప్టను, 1928లో రామను చూపిన ఫలితములలో దిశయే గాక తరంగదైర్ఘ్యము కూడ మారినది. మాట ఒక్కటే, అర్థము పెరుగుచు వచ్చినది.

ఇక అతివాడుక. సముద్రపు నీలము ఆకాశపు ప్రతిబింబము మాత్రమే యను అభిప్రాయమును 1921లో ఓడప్రయాణములో నికల్ పట్టకముతో పరీక్షించి రామను ఖండించెను. ఉపరితలపు ప్రతిబింబకాంతిని అడ్డగించినను నీలము పోలేదు. ఇంతవరకు సరియే. కాని దీనినిబట్టి "సముద్రపు నీలము కేవలము పరిక్షేపణమువలననే" యని వ్రాయుట సరికాదు. నీరు ఎఱ్ఱకాంతిని హెచ్చుగా శోషించుకొనును. మిగిలిన కాంతిని పైకి మరలించునది పరిక్షేపణము. రెండును చెప్పిననే సమాధానము పూర్తియగును.

ఈ విషయము తెలుగువారికి దూరపుది కాదు. ఆగిరిపల్లిలో పుట్టిన సూరి భగవంతము కాంతి పరిక్షేపణముపైనను, రామన్ ఫలితముపైనను వ్రాసిన గ్రంథమును 1940లో వాల్తేరునుండి ఆంధ్ర విశ్వవిద్యాలయము ప్రకటించినది. అది ఆంగ్లగ్రంథము. అంతటి విద్య మన ఊళ్ల పిల్లలకు తెలుగులో అందవలెననిన, మాటలు సందేహమునకు తావీయరాదు.

కనుక నా అభిప్రాయమిది. స్థిరపడిన "పరిక్షేపణము"ను తీసివేయ నక్కరలేదు. మార్చిన కొత్త చిక్కులు వచ్చును. కాని మొదటిసారి వాడినచోట "దారి మరలి నలుప్రక్కలకు పోవుట" అని విప్పి చెప్పవలెను. విక్షేపణమును "రంగులు విడిపోవుట" అని చెప్పవలెను. పిమ్మట మూడు ప్రశ్నలు అడుగవలెను: వచ్చి తగిలినదేది? దేనికి తగిలినది? తగిలిన పిదప మారినది దిశ మాత్రమేనా, శక్తి కూడనా? వీనికి జవాబు చెప్పగల విద్యార్థి ఉపసర్గ మరచినను ఆకాశము నీలమేలనో మరువడు. జవాబు చెప్పలేని విద్యార్థి "పరి" యని సరిగా వ్రాసినను, నేర్చినది మాట మాత్రమే.